సహాయ నటుడికి సాయం కాదు, హక్కు కావాలి

వార్షికోత్సవానికి నాటిక వేద్దాం అనగానే మన హాస్టల్లో ప్రతి ఏడూ ఒకటే తంతు. హీరో వేషానికి పదిమంది చేతులెత్తుతారు. విలన్‌కి నలుగురైదుగురు దొరుకుతారు. కామాటి వేషానికో, పోస్టుమాన్ వేషానికో, పెళ్ళికొడుకు మేనమామ వేషానికో మాత్రం ఎవరూ ముందుకు రారు. ఆఖరికి ఏ ఏడో తరగతి తమ్ముణ్ణో బతిమాలి ఒప్పించాల్సి వస్తుంది. తీరా నాటిక రోజున జనం ఈలలు వేసేది ఆ తమ్ముడికే. హీరోగారు డైలాగు మరచిపోయి నిలబడిపోతే పక్కనుండి మాట అందించి నాటికను ఒడ్డున పడేసేదీ వాడే. మరుసటి రోజు గోడ మీద అంటించే కాగితంలో పేరు లేకుండా పోయేదీ వాడిదే.

మిత్రులారా, ఈ వ్యాసం రాస్తున్న మేము 2001కి, 2006కి మధ్య ఇదే హాస్టల్లో ట్రంకు పెట్టెలు పెట్టుకుని చదువుకుని వెళ్ళిన పాత విద్యార్థులం. వార్షికోత్సవ సంచిక కోసం ఏదైనా రాయమని సంపాదక వర్గం వారు అడిగినప్పుడు ఎవరికి వారు ఒక అంశం చెప్పాం. ఒకరు గ్రూప్స్ పరీక్షల గురించి అన్నారు, ఇంకొకరు మెస్ ఛార్జీల గురించి అన్నారు. అవి ఏటా వస్తూనే ఉంటాయి. సినిమాల గురించి రాస్తే పిల్లలు చెడిపోతారని మాలో ఒక మాస్టారు అన్నారు కూడా. కానీ మేము రాయదలచుకున్నది హీరోల గురించి కాదు. హీరో పక్కన నిలబడే మనిషి గురించి. ఆయన జీవితంలో హాస్టల్ విద్యార్థులమైన మనం తెలుసుకోవలసిన విషయం ఒకటుందని మా నమ్మకం.

మా తరానికి ఆదివారం రాత్రి అంటే జెమినీ టీవీలో 'అమృతం'. 2001 నవంబరులో మొదలై 2007 దాకా నడిచింది. మొత్తం 313 ఎపిసోడ్లు. గుణ్ణం గంగరాజు గారు నిర్మించిన ఆ సీరియల్ అప్పట్లో ఇంటింటా తెలిసినదే. ఇద్దరు స్నేహితులు, అమృతరావు, ఆంజనేయులు. ఇద్దరూ కలిసి అమృత విలాస్ అని ఒక హోటల్ నడుపుతారు. అద్దె కోసం పీక్కుతినే ఇంటి ఓనర్ అప్పాజీ, ఎవరికీ కొరుకుడుపడని సర్వర్ సర్వం. ఇంతే కథ. డైనింగ్ హాల్లో ఒక్క టీవీ ముందు అందరం కూర్చుని చూసేవాళ్ళం. వెనక వరుసవాళ్ళకు బొమ్మ సరిగ్గా కనపడేది కాదు, మాట వినపడితే చాలనుకునేవాళ్ళు.

ఆ సీరియల్‌లో గమనించదగ్గ సంగతి ఒకటి ఉంది. సీరియల్ పేరే అమృతం. అంటే అమృతరావే హీరో. ఆ హీరో పాత్రను ముందు శివాజీ రాజా గారు వేశారు, తర్వాత నరేష్ గారు, ఆ తర్వాత హర్షవర్ధన్ గారు. ముగ్గురు మారారు. ప్రేక్షకులు సర్దుకున్నారు. ఆంజనేయులు పాత్ర వేసిన గుండు హనుమంతరావు గారు మాత్రం మొదటి నుంచి చివరి దాకా మారలేదు. శీర్షిక గీతం సైతం ఆంజనేయుల్నే పిలిచి, ఆయనకే కష్టం చెప్పుకుంటుంది. హీరో మారినా ఇల్లు కూలలేదు. పక్కనున్న స్తంభం ఉంది కాబట్టి కూలలేదు. సహాయ నటుడు అంటే ఎవరో అర్థం కావడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ మాకు తెలుగు తెర మీద కనపడలేదు.

హనుమంతరావు గారిది విజయవాడ. 1956లో పుట్టారు. ఇంట్లో వాళ్ళది మిఠాయి వ్యాపారం. కుర్రతనంలోనే నాటకాల్లోకి దిగారు. బెజవాడ ఆ రోజుల్లో నాటకాల ఊరు. పరిషత్తు పోటీలు, రాత్రంతా ప్రదర్శనలు, తెల్లారి దుకాణం తెరవడం. ఆ దారిలో వచ్చి 1987లో జంధ్యాల గారి 'అహ నా పెళ్ళంట'తో జనానికి తెలిసిన ముఖమయ్యారు. తరువాత 'రాజేంద్రుడు గజేంద్రుడు', 'యమలీల', 'మాయలోడు', 'బాబాయ్ హోటల్', 'సమరసింహారెడ్డి', 'కలిసుందాం రా'. ఇలా చెప్పుకుంటూ పోతే నాలుగు వందలకు పైగా సినిమాలని లెక్క. ఒక మనిషి నాలుగు వందల సినిమాల్లో కనిపించాడంటే అర్థం ఏమిటి? కొన్నిటిలో రెండు సీన్లు, కొన్నిటిలో ఒక్క మాట, కొన్నిటిలో గుంపులో నవ్వు. అన్నీ కలిపితే ముప్పై ఏళ్ళ బతుకు.

'అహ నా పెళ్ళంట' దగ్గర కాసేపు ఆగాలి. ఆ ఒక్క సినిమాతో ముగ్గురు నటులు జనం నోళ్ళలో పడ్డారు. పిసినారి లక్ష్మీపతిగా కోట శ్రీనివాసరావు గారు, అరగుండుగా బ్రహ్మానందం గారు, మూడో ఆయన హనుమంతరావు గారు. ఒకే దర్శకుడు, ఒకే నిర్మాత, ఒకే ఏడు. తరువాత ముగ్గురి దారులూ వేరయ్యాయి. బ్రహ్మానందం గారి పేరు పోస్టరు మీద హీరో పక్కన పడే స్థాయికి వెళ్ళింది, 2009లో పద్మశ్రీ వచ్చింది. కోట గారు విలన్‌గా, తండ్రిగా, తాతగా ఎన్నో రకాల పాత్రలు వేసి 2015లో పద్మశ్రీ అందుకుని 2025 జులైలో కన్నుమూశారు. హనుమంతరావు గారు మాత్రం చివరిదాకా 'ఆ గుండాయన'గానే మిగిలారు. పేరు తెలియనివారికి కూడా ముఖం తెలుసు. సహాయ నటుల్లో ఎక్కువ మంది గతి ఇదే. ముఖం దేశానికంతా తెలుస్తుంది, రేషన్ కార్డు మీద పేరు మాత్రం ఇంట్లోవాళ్ళకే తెలుస్తుంది.

ఇది ప్రతిభలో తేడా అని చాలామంది అంటారు. మేము ఒప్పుకోం. ప్రతిభలో తేడాలు ఉంటాయి, లేవని అనడం లేదు. కానీ పది ఎపిసోడ్లు చూసిన ఎవరైనా చెప్పగలరు, ఆంజనేయులు ఊరకే నిలబడి అవతలి మనిషి మాట వింటుంటే కూడా నవ్వు వచ్చేది. వినడం అనేది నటనలో అన్నిటికన్నా కష్టమైన పని అని నాటకాల వాళ్ళు చెబుతారు. మాట తనది కానప్పుడు, కెమెరా తన వైపు లేనప్పుడు కూడా పాత్రలోనే ఉండాలి. సహాయ నటుడి పని మూడొంతులు అదే.

ఇప్పుడు మా అసలు మాటకు వస్తాం.

బ్రహ్మానందం గారు సినిమాల్లోకి రాక ముందు తెలుగు లెక్చరర్. కోట గారు స్టేట్ బ్యాంకు ఉద్యోగి. ధర్మవరపు సుబ్రహ్మణ్యం గారు, దూరదర్శన్ 'ఆనందో బ్రహ్మ'తో నవ్వించి, 2001లో 'నువ్వు నేను'లో లెక్చరర్ పాత్రతో కాలేజీ కుర్రాళ్ళందరికీ దగ్గరైన ఆయన, అంతకు ముందు ప్రభుత్వోద్యోగి. జయప్రకాశ్ రెడ్డి గారు లెక్కల మాస్టారు. హనుమంతరావు గారికి ఇంటి వ్యాపారం ఉంది. ఇదంతా యాదృచ్ఛికం కాదు. పక్క పాత్రల్లో నిలదొక్కుకున్న చాలామంది వెనక ఒక నెల జీతమో, ఒక దుకాణమో కనపడుతుంది. నీళ్ళలోకి దిగేముందు ఒడ్డున కట్టుకున్న తాడు అది.

జయప్రకాశ్ రెడ్డి గారి సంగతే చూడండి. కర్నూలు జిల్లా సిరివెళ్ళలో పుట్టి, గుంటూరులో పిల్లలకు లెక్కలు చెబుతూ నాటకాలు వేసిన మనిషి. దాసరి గారి దృష్టిలో పడి 1988లో 'బ్రహ్మపుత్రుడు'లో వేషం దొరికింది. తరువాత కొన్ని సినిమాలు చేశారు. కానీ చేసిన సినిమాలు ఇల్లు గడపడానికి చాలలేదు. 1992 ప్రాంతంలో మళ్ళీ గుంటూరు వెళ్ళి చాక్‌పీసు పట్టుకున్నారు. సినిమా ఆయన్ని దాదాపు వదిలేసింది. ఆయన బతుకు మాత్రం ఆగలేదు, ఎందుకంటే బడి ఉంది. 1997లో 'ప్రేమించుకుందాం రా'లో వీరభద్రయ్యగా తిరిగి వచ్చినప్పుడు రాష్ట్రమంతా ఉలిక్కిపడింది. అంతవరకూ తెర మీద విలన్ అంటే గట్టిగా అరిచేవాడే. ఈయన సీమ మాటను సీమ మనిషి మాట్లాడినట్టే మాట్లాడి భయపెట్టాడు. ఆ తరువాత 'సమరసింహారెడ్డి', 'జయం మనదేరా', 'నరసింహనాయుడు'. ఆపైన అదే గొంతుతో నవ్వించడం మొదలుపెట్టారు. 2020 సంక్రాంతికి 'సరిలేరు నీకెవ్వరు'లో ఆయన మాటకు హాళ్ళు ఊగిపోయాయి. అదే ఏడాది సెప్టెంబరు 8న గుంటూరులో గుండెపోటుతో పోయారు. సినిమాల్లో తీరిక లేనన్ని వేషాలు వేస్తూ కూడా 'అలెగ్జాండర్' అని ఒక ఏకపాత్ర నాటకాన్ని ఊరూరా ఆడుతూ వచ్చిన మనిషి ఆయన.

(ఇక్కడొక మాట పక్కన పెట్టకుండా చెప్పాలి. సీమ యాస అయినా, తెలంగాణ యాస అయినా, ఉత్తరాంధ్ర యాస అయినా చాలా ఏళ్ళు తెర మీద విలన్‌కో, జోకర్‌కో, పనిమనిషికో తప్ప హీరోకి రాలేదు. మన హాస్టల్లో ఉన్న సగంమంది మాట్లాడే మాట అది. ఆ మాటను మన ముందుకు తెచ్చింది సహాయ నటులే. దాన్ని నవ్వులపాలు చేయించింది కథలు రాసినవాళ్ళు. ఈ రెంటినీ కలిపి చూడకూడదు.)

జయప్రకాశ్ రెడ్డి గారికి బడి లేకపోయి ఉంటే? 1992లో ఆయన ఏమయ్యేవారు? 1997 దాకా కాచుకుని ఉండగలిగేవారా? ఈ ప్రశ్న మనకు అవసరం. మన హాస్టల్లో చేరిన పిల్లవాడి వెనక దుకాణం ఉండదు, భూమి ఉండదు, బ్యాంకులో మామయ్య ఉండడు. అలాంటివాడికి నటన వచ్చినా, గొంతు ఉన్నా, అరిస్తే ఊరంతా వినపడినా, అయిదేళ్ళు కాచుకునే స్తోమత ఎక్కడిది? కళ అందరిదీ అని సభల్లో చెబుతారు. కాచుకోగలిగినవాడిదే కళ అని లెక్కలు చెబుతాయి.

మా హాస్టల్ నుంచి ఇద్దరు హైదరాబాదు కృష్ణానగర్ వెళ్ళారు. పేర్లు రాయవద్దన్నారు కాబట్టి రాయడం లేదు. ఒకరు రెండేళ్ళకు తిరిగి వచ్చి ఇప్పుడు మండల కేంద్రంలో సెల్‌ఫోన్ రిపేరు షాపు పెట్టుకున్నారు. సంతోషంగానే ఉన్నారు. రెండో ఆయన ఇప్పటికీ అక్కడే ఉన్నారు. సీరియల్స్‌లో కానిస్టేబులు, డాక్టరు, లాయరు, పెళ్ళి పురోహితుడు, అన్నీ ఆయనే. ఆయన చెప్పిన లెక్క ఇలా ఉంటుంది. డబ్బు రోజు లెక్క. మేనేజరు ముందు రోజు రాత్రి ఫోను చేస్తే పని ఉన్నట్టు. పొద్దున్న ఏడింటికి వెళ్ళి మేకప్ వేసుకుని కూర్చోవాలి. పెద్ద ఆర్టిస్టుతో కాంబినేషన్ సీను అయితే వాళ్ళు వచ్చేదాకా ఆగాలి, సాయంత్రం ఆరైనా సరే. బట్టలు చాలాసార్లు తనవే తెచ్చుకోవాలి. డబ్బు చేతికి ఎప్పుడొస్తుందో అడిగితే 'వస్తుందిలే' అంటారు. కథలో ట్రాక్ ముగిసిపోతే పాత్రను ఊరు పంపించేస్తారు, లేదా ఒక యాక్సిడెంటులో చంపేస్తారు. పాత్ర చచ్చిపోయిందని నటుడికి తెలిసేది ఒక్కోసారి సెట్టు మీదకు వచ్చాకే. నెల జీతం లేదు, సెలవు లేదు, జ్వరమొస్తే ఆ రోజు డబ్బు లేదు.

ఇది విన్నప్పుడు మాకు సినిమా గుర్తు రాలేదు. మా నాన్నలు గుర్తొచ్చారు. అడ్డా మీద నిలబడే పని ఇది. మేస్త్రీ వేలు చూపిస్తే ఆ రోజు కూలి, లేకపోతే టీ తాగి ఇంటికి. తేడా ఒకటే. అడ్డా కూలీకి పని దొరకలేదని ఊరికి తెలుసు. ఈయన గారు టీవీలో కనపడుతున్నారు కాబట్టి లక్షలు సంపాదిస్తున్నారని ఊరంతా అనుకుంటుంది. చెల్లెలి పెళ్ళికి అప్పు అడిగితే నవ్వుతారు.

హనుమంతరావు గారి చివరి రోజులకు వస్తాం. కొన్నేళ్ళు కిడ్నీ జబ్బుతో బాధపడ్డారు. అంతకు ముందు ఇంట్లో భార్యను, కూతుర్ని కోల్పోయారు. ఒక టీవీ కార్యక్రమంలో ఆయన తన పరిస్థితి చెప్పుకున్నాకే అది జనానికి తెలిసింది. చిరంజీవి గారు 2 లక్షలు పంపారు. తెలంగాణ ముఖ్యమంత్రి సహాయ నిధి నుంచి 5 లక్షలు మంజూరు చేశారు. 2018 ఫిబ్రవరి 19న హైదరాబాదులో ఆయన వెళ్ళిపోయారు. వయసు 61.

సాయం చేసిన చేతిని తప్పు పట్టడం మా ఉద్దేశం కాదు. ఆ సమయానికి అందిన డబ్బు ప్రాణంతో సమానం. ఇచ్చినవారికి నమస్కారం. కానీ ఒక ప్రశ్న మిగిలిపోతుంది. నాలుగు వందల సినిమాలు, ఆరేళ్ళ సీరియల్, ముప్పై ఏళ్ళ పని చేసిన మనిషి తన డయాలసిస్ ఖర్చు గురించి కెమెరా ముందు చెప్పుకుంటే తప్ప డబ్బు రాని ఏర్పాటు ఎలాంటి ఏర్పాటు? నటుడు చివరిసారి ఏడ్చింది పాత్ర కోసం కాదు. అది చూసి జాలిపడ్డాం, చప్పట్లు కొట్టడమొక్కటే తక్కువ.

దాతృత్వానికి, హక్కుకు తేడా ఏమిటో మన హాస్టల్ వాళ్ళకు పుస్తకం చూసి నేర్చుకోవలసిన పని లేదు. మన మెస్ ఛార్జీలు, మన కాస్మెటిక్ ఛార్జీలు, మన దుప్పటి, మన ప్లేటు ఎవరి దయా కాదు. జీవో ఉంది, బడ్జెట్ ఉంది. ఆలస్యమైతే కలెక్టరేటు ముందు కూర్చుని అడుగుతాం. అదే ఒక దాత వచ్చి నోటు పుస్తకాలు పంచితే వరుసలో నిలబడి తీసుకుంటాం, ఫొటోకు నవ్వుతాం, దండం పెడతాం. వచ్చే ఏడు ఆయన రాకపోతే అడగలేం. నోటు పుస్తకం ఒకటే, కానీ తీసుకునే మనిషి నిలబడే తీరు వేరు. సహాయ నటుడు జీవితాంతం ఆ రెండో వరుసలోనే నిలబడుతున్నాడు. అదీ మా బాధ.

ఏమీ లేదని కాదు. 1981లోనే కేంద్ర ప్రభుత్వం సినీ కార్మికుల సంక్షేమ నిధి చట్టం చేసింది. ఆ చట్టం తక్కువ రాబడి ఉన్న నటుణ్ణి, వాద్యకారుణ్ణి, నాట్యం చేసేవారిని కూడా కార్మికుడి లెక్కలోనే వేసింది. అంటే నటుడు కార్మికుడే అని చట్టం నలభై ఏళ్ళ కిందటే ఒప్పుకుంది. మనమే ఇంకా ఒప్పుకోలేదు. ఆర్టిస్టుగారు అంటాం, కూలి అనం. తెలుగు నటులకు మా సంఘం ఉంది, 1993 నుంచి పని చేస్తోంది. పేదరికంలో ఉన్న వృద్ధ సభ్యులకు పింఛను ఇస్తోంది. మంచిదే. కానీ సభ్యుడై ఉండాలి. 2021లో పావలా శ్యామల గారికి సభ్యత్వం ఇప్పించడానికి చిరంజీవి గారు 1,01,500 రూపాయలు కట్టారని పత్రికల్లో వచ్చింది. ఆలోచించండి. పింఛను అవసరమైన స్థితిలో ఉన్న మనిషి పింఛను పొందడానికి ముందు లక్ష రూపాయలు కట్టాలి. ఆ లక్షే ఉంటే పింఛను ఎందుకు? హాస్టల్లో చేరాలంటే ముందు సొంత ఇల్లు చూపించమన్నట్టుంది.

గౌరవం సంగతి కూడా అంతే. జాతీయ అవార్డుల్లో ఉత్తమ నటుడికి బహుమతి 1967 సినిమాల నుంచి ఉంది. ఉత్తమ సహాయ నటుడు అనే మాట ఆ జాబితాలో చేరడానికి 1984 సినిమాల దాకా ఆగాల్సి వచ్చింది. పదిహేడేళ్ళు. కాళీపట్నం రామారావు గారి కథతో తీసిన 'యజ్ఞం' సినిమాకు 1991 సంవత్సరానికి మన పి.ఎల్. నారాయణ గారు ఆ అవార్డు తెచ్చారు. మా తరువాతి బ్యాచ్ తమ్ముళ్ళలో ఎంతమందికి ఆయన పేరు తెలుసు? 'యజ్ఞం' కథ మన లైబ్రరీలో ఉంటే చదవండి, లేకపోతే వార్డెన్ గారిని అడిగి తెప్పించండి. అప్పులో పుట్టి అప్పులో పెరిగే కుటుంబం కథ మనకు కొత్త కాదు.

ఇక చట్టంలో ఉన్న ఒక చిన్న మెలిక చెప్పాలి. మాలో ఒకరు లా చదివారు కాబట్టి ఇది మాకు తెలిసింది. కాపీరైటు చట్టాన్ని 2012లో సవరించారు. ప్రదర్శనను వ్యాపారానికి వాడుకుంటే ప్రదర్శించినవారికి రాయల్టీ హక్కు ఉందని అందులో రాశారు. గాయనీ గాయకులు 2013లో సంఘం పెట్టుకుని ఆ హక్కు కోసం నిలబడ్డారు. నటుల విషయంలో అంత గట్టి కదలిక తెలుగు తెర దాకా రావలసి ఉంది. అదే సవరణలో ఇంకో మాట కూడా ఉంది. సినిమాలో యాదృచ్ఛికంగా కనపడి, టైటిల్స్‌లో ఎక్కడా పేరు లేని మనిషిని ప్రదర్శనకారుడిగా లెక్కించనక్కర లేదు అని. తన ప్రదర్శనను వక్రీకరిస్తే అభ్యంతరం చెప్పే హక్కు ఒక్కటి తప్ప మిగతావేవీ అతనికి లేవు.

అంటే టైటిల్స్‌లో పేరు పడటం అనేది కేవలం సంబరం కాదు. ఇంట్లోవాళ్ళకు చూపించి మురిసిపోయే విషయం మాత్రమే కాదు. అది కాగితం. రేషన్ కార్డులో పేరున్నట్టు, హాస్టల్ హాజరు పట్టీలో పేరున్నట్టు. పేరు లేకపోతే నువ్వు తినలేదు, ఉండలేదు, నటించలేదు. హాజరు పట్టీలో పేరు కొట్టేస్తే ఏమవుతుందో మనకు వేరే చెప్పాలా?

'అమృతం' ఎపిసోడ్లు ఇప్పుడు యూట్యూబులో ఉన్నాయి. మా పిల్లలు కూడా చూసి నవ్వుతున్నారు. 2020 ఉగాదికి ఓటీటీలో 'అమృతం ద్వితీయం' వచ్చినప్పుడు ఆంజనేయులు పాత్రను ఎల్.బి. శ్రీరామ్ గారు వేశారు. ఆయన గొప్ప నటుడు, బాగానే చేశారు. అయినా పాత ఎపిసోడ్లనే జనం మళ్ళీ మళ్ళీ పెట్టుకుంటారు. ఎవరైనా ఒకసారి పెట్టుకున్న ప్రతిసారీ ఎక్కడో ఒక ప్రకటన పడుతుంది, ఎవరి ఖాతాలోనో పైసలు పడతాయి. 2003లో ఒక రోజు కాల్షీట్‌కు తీసుకున్న డబ్బు ఆ రోజుతో అయిపోయింది. ఆ రోజు నవ్వు మాత్రం ఇంకా అమ్ముడుపోతూనే ఉంది. అందులో ఒక చిన్న వాటా ఆ నటుడి మందుల ఖర్చుకో, ఆయన పోతే ఆయన కొడుకుకో చేరాలని అడగడం అత్యాశ అవుతుందా? కాదన్నది మా అభిప్రాయం.

నిర్మాతల కష్టాలు మాకు తెలియవని కాదు. చాలా సినిమాలు నష్టపోతాయి, చిన్న నిర్మాత అప్పుల్లో మునిగిపోతాడు. అందుకే మేము అడిగేది పెద్దది కాదు. రోజు లెక్కన పనిచేసే ప్రతి నటుడికీ ఒక కాగితం ఉండాలి, అందులో డబ్బు ఎన్ని రోజుల్లో ఇస్తారో రాయాలి. ఒక్క మాట ఉన్న పాత్రకైనా టైటిల్స్‌లో పేరు వేయాలి. సంఘంలో సభ్యత్వ రుసుమును ఒకేసారి కాక, కాల్షీట్ డబ్బులోంచి కొద్దికొద్దిగా పట్టుకోవాలి. బీడీ కార్మికులకు, భవన నిర్మాణ కార్మికులకు ఉన్నపాటి గుర్తింపు కార్డు, ఆరోగ్య బీమా వీళ్ళకూ కచ్చితంగా అందాలి. హీరో పారితోషికం గురించి మేము ఒక్క మాట కూడా అనడం లేదు, ఆయన ఎంతైనా తీసుకోవచ్చు.

నటన మీద మనసున్న తమ్ముళ్ళకు, చెల్లెళ్ళకు వెళ్ళవద్దని చెప్పే హక్కు మాకు లేదు. డిగ్రీ పూర్తి చేసి వెళ్ళమని పెద్దలు చెబుతారు. జయప్రకాశ్ రెడ్డి గారి కథ చూస్తే ఆ మాటలో నిజం ఉంది. చేతిలో ఒక సర్టిఫికెట్టు, వెనక ఒక పని ఉంటే పాత్ర కోసం కాచుకునే బలం వస్తుంది. కానీ అందరికీ ఆ వీలు ఉండదు. వెళ్ళదలిస్తే పని ఒప్పుకునేముందు రోజుకెంతో, ఎప్పుడిస్తారో కాగితం మీద అడగండి. ఇవ్వకపోతే తేదీలు మీ నోటు పుస్తకంలోనైనా రాసుకోండి, మేనేజరు ఫోను నంబరుతో సహా. ఫొటోలు తీయిస్తామని, కార్డు ఇప్పిస్తామని డబ్బు అడిగేవాళ్ళకు రూపాయి ఇవ్వకండి. ముఖ్యంగా ఆడపిల్లలు ఒంటరిగా ఎవరి ఆఫీసుకూ వెళ్ళకండి, తోడు తీసుకుని వెళ్ళండి.

కృష్ణానగర్‌లో ఉన్న మన సీనియర్ నంబరు, హైదరాబాదులో ఉద్యోగాలు చేస్తున్న మరో ఆరుగురి నంబర్లు వార్డెన్ గారి గదిలో పాత విద్యార్థుల రిజిస్టరులో రాసిపెట్టాం. దిగిన మొదటి వారం తిండికీ పడకకీ ఇబ్బంది లేకుండా మేము చూసుకుంటాం. ఫోను చేసేటప్పుడు బ్యాచ్ సంవత్సరం చెప్పండి, గుర్తుపట్టడానికి వీలుగా ఉంటుంది.